ఆటకు అంటు గట్టుట

ఈ కాలమున కంప్యూటరు గల యింట బిడ్డలున్నచో "మాడ్" అను మాట తల్లి చెవిని బడక మానదు. భోజనమునకు పిలిచినచో "మాడ్ వేసుకుంటున్నానమ్మా, ఐదు నిమిషాలు" అని బదులు వచ్చును. ఆ యైదు నిమిషములు గంట యగును. అప్పుడు తల్లులలో కొందఱు కోపించి మీట నొక్కి యంత్రము నార్పివేయుదురు. మఱికొందఱు మన కేల యని యూరకుందురు. రెండింటికిని మూల మొక్కటియే: బిడ్డ చేయుచున్న పని యెట్టిదో తల్లికి తెలియదు. తెలియనిదానిని దండించుటయు, తెలియనిదానిని విడిచిపెట్టుటయు గృహిణికి తగిన పనులు కావు.

సోదరీమణులారా, మేము ఈ విషయమున పండితులము కాము. మాది జి. కొండూరు. మా వారు బడిపంతులు. మేము బాల్యమున మా తండ్రిగారి యొద్ద భారత భాగవతములను, అమరకోశమును చదువుకొన్నవారము. ఇంగ్లీషు మాకు నిఘంటువు ప్రక్కన నుంచుకొని చదువుకొనునంత మాత్రమే వచ్చును. అట్టి మాకును గడచిన వేసవి సెలవులలో మా పదుమూడేండ్ల యమ్మాయితో గూర్చుండి యీ పని నేర్చుకొను నవసరము కలిగినది. నేర్చుకొన్నదానిని తోడి గృహిణులతో చెప్పుకొనుట మంచిదని తోచి వ్రాయుచున్నాము.

మాడ్ అనునది "మాడిఫికేషను" అను ఇంగ్లీషు మాటకు కుఱుచ రూపము. మార్పు అని యర్థము. ఒకరు చేసి విక్రయించిన ఆటకు మఱియొకరు చేర్చెడి క్రొత్త బండి, క్రొత్త త్రోవ, క్రొత్త రంగు, క్రొత్త శబ్దము మొదలగునవి మాడ్‌లు. నూజివీడు మామిడి సీమవారమైన మాకు దీనికి పోలిక వెదకుకొన నక్కఱలేకపోయినది. టెంకను నాటి మొలిపించిన నాటుమొక్క నేలలో వేరూని యుండును. బంగినపల్లిదో చిన్నరసముదో కొమ్మను తెచ్చి, రెంటిని ఏటవాలుగా గోసి, కోతకు కోత నానించి గట్టిగా కట్టుదురు. వేరు నాటుమొక్కది, పండు కొమ్మది. కొమ్మ మందము మొక్క మందమునకు సరిపడవలయును. కోతలు చక్కగా కలియవలయును. అంటుకు క్రింద మొలచు చిగుళ్ళను గిల్లివేయవలయును. వీనిలో నేది తప్పినను అంటు పట్టదు. ఆటకు మాడ్ వేయుటయు నిట్టిదే. ఆట నాటుమొక్క, మాడ్ అంటుకొమ్మ. రెండింటికి నీడు కుదరవలయును. కుదరనిచో ఆట తెఱచుకొనదు, లేదా నడుమ నాగిపోవును.

ఒకరి నిర్మాణమునకు మఱియొకరు చేర్పు చేయుట మనకు క్రొత్త సంగతి కాదు. నన్నయభట్టు 11వ శతాబ్దమున ఆదిసభాపర్వములను, అరణ్యపర్వమున కొంత భాగమును తెనిగించెను. తిక్కన సోమయాజి 13వ శతాబ్దమున విరాటపర్వము మొదలు 15 పర్వములు రచించెను. నడుమ మిగిలిన యరణ్యపర్వ శేషమును 14వ శతాబ్దమున ఎఱ్ఱాప్రగ్గడ పూరించి, తన పేరు ముందునకు తెచ్చుకొనక, నన్నయ కృతిపతియైన రాజరాజనరేంద్రునికే యంకితముగా నిలిపెను. నన్నయ నడకతో నారంభించి మెల్లమెల్లగా తిక్కన నడకకు చేర్చెనని పెద్దలు చెప్పుదురు. చేర్పు చేయువాడు మూలము నెఱిగి, మూలమునకు లోబడి చేసినగాని యతుకు కుదరదని యిందువలన తెలియుచున్నది.

కంప్యూటరు ఆటలలో నీ పద్ధతి బలపడుట 1993లో అమెరికాలో వెలువడిన డూమ్ అను ఆటతో జరిగినది. దానిని చేసినవారు ఆటను నడపు యంత్రాంగము నొకచోటను, గదుల పటములు, బొమ్మలు, శబ్దములు మఱియొక ఫైలునందును వేఱువేఱుగా నుంచిరి. అందుచే యంత్రాంగము జోలికి పోకయే యితరులు క్రొత్త పటములను చేర్చగలిగిరి. 1999లో మిన్ లె అను విద్యార్థియు, జెస్ క్లిఫ్ అను నాతడును గూడి హాఫ్-లైఫ్ అను ఆటకు చేర్పుగా కౌంటర్-స్ట్రైక్ అను దానిని చేసిరి. మూలమైన ఆటను చేసిన వాల్వ్ సంస్థయే వారిని చేర్చుకొని, 2000లో దానిని స్వతంత్రమైన ఆటగా వెలువరించెను. కావున మాడ్ చేయుట పనిలేనివారి పనియని త్రోసివేయరాదు.

మా యింటికి వచ్చిన ఆట పేరు యూరో ట్రక్ సిమ్యులేటరు 2. చెక్ దేశమునందలి ఎస్.సి.ఎస్. సాఫ్ట్‌వేరు అను సంస్థ దీనిని 2012లో వెలువరించెను. ఇందు కొట్టుట, చంపుట లేవు. యూరపు దేశముల రహదారులపై లారీ నడుపుచు, చెప్పిన వేళకు చెప్పిన చోటికి సరకు చేర్చుటయే ఆట. వేగము మించినచో జరిమానా పడును. విశ్రాంతి లేక నడిపినచో డ్రైవరు కన్నులు మూతపడినట్లు తెర చీకటి యగును.

మా యమ్మాయి కోరినది లారీ కాదు, మన పల్లెవెలుగు బస్సు. దీనికి కారణము కలదు. మా మామగారు ఆర్టీసీలో డ్రైవరుగా నుండి విశ్రాంతి గైకొన్నవారు. ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థ 1958 జనవరి 11న ఏర్పడినది. 1932లో నిజాము రాష్ట్ర రైలుశాఖవారు 27 బస్సులతో నారంభించిన రవాణాశాఖ దానికి మూలము. ఈ చరిత్రయంతయు మా మామగారు పిల్లలకు కథవలె చెప్పెడివారు. వారు చిరకాలము విజయవాడ-తిరువూరు త్రోవలో బస్సు నడిపిరి. రెండేండ్ల క్రిందట పక్షవాతము వచ్చి యెడమకాలు స్వాధీనము తప్పినది. నాటినుండి వసారాలో మంచముపై గూర్చుండి రోడ్డుమీద పోవు బస్సుల చప్పుడు వినుచు, "తిరువూరు బండి. ఇవాళ ఆలస్యం" అని తమలో తామనుకొనుటయే గాని యితరులతో మాటలు తగ్గిపోయినవి. చరిత్రలు చెప్పుట మానిరి. మేము పలుకరించినను "ఆ", "ఊ" అను నంతవఱకే.

మన ఆర్టీసీ బస్సుల రూపులను తయారుచేసి యీ ఆటకు చేర్చువారున్నారని మా యమ్మాయి తన స్నేహితురాలివలన వినెను. "తాతయ్య బస్సు తెచ్చి ఇందులో పెడతానమ్మా. తాతయ్యకి చూపిస్తాను" అని పట్టుపట్టెను.

ఇంట రెండాక్షేపణలు వచ్చినవి. మా అత్తగారు "ఆడపిల్లకు బస్సు తోలే ఆటలేమిటమ్మా? నలుగురూ వింటే నవ్విపోతారు" అనిరి. "ఆర్టీసీ బస్సుల్లో ఆడవాళ్ళు కండక్టర్లుగా ఎప్పటినుంచో చేస్తూనే వున్నారు కదా అత్తయ్యగారూ. మామయ్యగారే వాళ్ళను ఎన్నోసార్లు మెచ్చుకున్నారు" అని మేము నెమ్మదిగా చెప్పితిమి. ఆమె మాఱు పలుకలేదు గాని సమ్మతింపనులేదు.

మా వారి యాక్షేపణ వేఱు. ఇంటనున్న కంప్యూటరు ఒక్కటియే. వారి తరగతుల మార్కుల పట్టికలు, బడి లెక్కలు అందులోనే యున్నవి. "ఎక్కడి ఫైళ్ళో తెచ్చి దీనిలో పడేస్తే, నా రికార్డులు పోతే, రేపు బడిలో ఏం సమాధానం చెప్పుకోను?" అనిరి. ఆ మాట న్యాయమైనది. అది విని మా యమ్మాయి కన్నుల నీరు పెట్టుకొనెను. ఒకవంక భర్త యుద్యోగధర్మము, మఱియొకవంక బిడ్డ కోరిక, ఆ కోరిక వెనుక మంచముపై నున్న పెద్దవారు. వలదనుట సులభమే. అయినను సులభమైన ప్రతిదియు ధర్మము కాదు.

మేము ఆలోచించి మూడేర్పాటులు చేసితిమి. మొదట మా వారి ఫైళ్ళనన్నింటిని వేఱొక డిస్కులోనికి ప్రతి తీయించి బీరువాలో నుంచితిమి. పిమ్మట మా యమ్మాయికి కంప్యూటరులో వేఱుగా నొక ఖాతా పెట్టించితిమి. ఆ ఖాతాకు క్రొత్త కార్యక్రమములను ఎక్కించు నధికారము లేదు. అట్టి దేదైన చేయబోయినచో సంకేతపదము నడుగును. ఆ పదము మా యొద్ద నుండును. మూడవది, సాయంకాలము దీపము పెట్టిన తరువాత ఒక గంట, అదియు మేము ప్రక్కన గూర్చుండగా. వీనితో మా వారి మనస్సు కుదుటపడినది.

ఇక పని చేయు విధము చెప్పెదము. ఆటలను విక్రయించు స్టీమ్ అను నంగడిలో కొన్ని మాడ్‌లు మీట నొక్కినంతనే తమంత తాము వచ్చి చేరును. అక్కడ దొరకనివానిని చేతితోనే చేర్పవలయును. ఆటను ఒక్కసారియైన తెఱచి మూసినచో, కంప్యూటరులోని "డాక్యుమెంట్స్" అను చోట ఆట పేరుతో నొక ఫోల్డరు ఏర్పడును. దానిలో "మాడ్" అను పేరుగల ఫోల్డరు ఉండవలయును. లేనిచో మనమే చేయవచ్చును. డౌన్‌లోడు చేసిన మాడ్ తఱచుగా మూటగట్టబడి వచ్చును. మూట విప్పినచో లోపల ఎస్.సి.ఎస్. అను తోకగల ఫైలు కనబడును. ఆ ఫైలును మాత్రము తీసి మాడ్ ఫోల్డరులో నుంచవలయును. మా యమ్మాయి మొదటినాడు మూటలోని ఫోల్డరును ఫోల్డరుగానే తెచ్చి యుంచెను. ఆట లోపలి ఫోల్డరును తెఱచి అందలి ఫైలును వెదకదు గనుక బస్సు కానరాలేదు. డబ్బీలో డబ్బీ పెట్టి పోపుగింజలు లేవన్నట్లయినది.

ఫైలు నుంచిన పిమ్మట ఆటను తెఱచి, మాడ్‌ల పట్టికలో దానిని ఎడమవైపు జాబితానుండి కుడివైపు జాబితాలోనికి మార్పవలయును. ఎడమవైపువి నిద్రించుచున్నవి, కుడివైపువి మేలుకొన్నవి. కుడివైపు జాబితాలో వరుస ముఖ్యము. ఒకే వస్తువును రెండు మాడ్‌లు మార్చుచున్నచో పైనున్నదాని మాటయే చెల్లును. త్రోవల పటములకు పలు ఫైళ్ళుండును. వానిని చేసినవారు చెప్పిన వరుసలోనే యుంచవలయును.

అన్నిటికంటె ముఖ్యమైనది యీడు. ఆట యేటేట మార్పు చెందుచు 1.49, 1.50 అని సంఖ్యలు వేసికొనును. ఒక సంఖ్యకై చేసిన మాడ్ తరువాతి సంఖ్యలో పనిచేయకపోవచ్చును. కావున డౌన్‌లోడు చేయుటకు ముందే ఆట సంఖ్య యేది, మాడ్ సంఖ్య యేది అని రెంటిని ప్రక్కప్రక్కన వ్రాసి చూచుకొనవలయును. ఇదివఱకు ఆడుచున్న ఆట చెడకుండుటకు, మాడ్‌లకై ఆటలో వేఱొక పేరుతో క్రొత్త ఆటగాని నారంభించి యాడుట మేలు. పాత ఆట స్థితి "ప్రొఫైల్స్" అను ఫోల్డరులో నుండును. దానికి ముందుగా ప్రతి తీసికొనవలయును.

ఇంతచేసి బస్సు వచ్చినది. మా యమ్మాయి చప్పట్లు కొట్టెను. కాని యింజను చప్పుడు లేదు. పిల్ల చేయగలిగినదంతయు చేసి, "ఈ మాడ్ మంచిది కాదమ్మా, తీసేస్తాను" అని విసుగుకొనెను. అప్పుడు మేము "ఉండమ్మా, ఆట ఏమంటున్నదో చదువుదాము" అంటిమి. ఈ ఆట తాను చేసిన ప్రతి పనిని, తనకు కలిగిన ప్రతి యాటంకమును "గేమ్ లాగ్" అను దినచర్యలో వ్రాసికొనుచుండును. దానిని తెఱచితిమి. వందలకొలది పంక్తులు, అన్నియు ఇంగ్లీషే. మా యమ్మాయి చూచి బెదరెను. మాకు బెదురు కలుగలేదు. క్లిష్టమైన పద్యమునకు అన్వయము కుదుర్చుట బాల్యముననే యలవాటైనది. ముందు క్రియ యేది, కర్త యెవరు, కర్మ యేది అని చూచుకొనుచు పోవలయును. "ఎర్రర్" అను మాటగల పంక్తులను మాత్రము ఏరి నిఘంటువుతో చదివితిమి. ఫలానా శబ్దపు ఫైలును తెఱువలేకపోయితిని అని యొకే యర్థము మాటిమాటికి వచ్చుచున్నది. పిమ్మట మాడ్ చేసినవారు మూటలో నుంచిన చిన్న సూచనపత్రమును చదివితిమి. రెండు ఫైళ్ళు కలవు, రెంటిని వేయవలయును, రెండవది శబ్దములది అని స్పష్టముగా వ్రాసియున్నది. మా యమ్మాయి దానిని చదువక విడిచినది. రెండవ ఫైలు వేయగానే బస్సు గుఱగుఱలాడినది.

ఆ చప్పుడు వసారాలోనికి వినబడినది. "ఎవరి బండి అది? లోపల ఆగిందేమిటి?" అని మామగారి గొంతు వినవచ్చెను. మేము వారిని కుర్చీలో గూర్చుండబెట్టి లోనికి తెచ్చితిమి. బస్సు ముందు స్టీరింగు కుడివైపున నున్నది. ఇంగ్లండులో మనవలెనే ఎడమప్రక్కన నడుపుదురు గనుక మా యమ్మాయి ఇంగ్లండు త్రోవను ఎన్నుకొనెను. మామగారు కొంతసేపు తదేకముగా చూచిరి. మెచ్చుకొందురని పిల్ల యెదురుచూచెను. వారు మెచ్చుకొనలేదు. "బోర్డు తప్పు" అనిరి.

బస్సు నుదుటిపై మఱియేదో యూరి పేరున్నది. "మన రూటు బోర్డు ఎట్లా వుండాలి తాతయ్యా?" అని పిల్ల యడిగెను. అంతట వారు చెప్పనారంభించిరి: "విజయవాడ, ఇబ్రహీంపట్నం, కొండపల్లి, జి. కొండూరు, మైలవరం, ఎ. కొండూరు, తిరువూరు. వరస తప్పితే జనం ఎక్కరు. వట్టి కొండూరు అని రాయకు. జి అక్షరం పెద్దదిగా వుండాలి. రాత్రిపూట ఎ. కొండూరు పోవలసిన ముసలమ్మ మన ఊళ్ళో దిగిపోయి ఏడ్చేది. నేనే ఎన్నిసార్లో మళ్ళీ ఎక్కించుకున్నాను." ఆ సాయంకాలము వారు పలికినన్ని మాటలు ఆఱు నెలలుగా వినలేదు.

బోర్డును మార్చుట మఱియొక విద్య. మా ప్రక్కనున్న కొండపల్లిలో బొమ్మలు చేయువారు తెల్లపొణికి కొయ్యతో మొండెము వేఱుగా, చేతులు వేఱుగా చెక్కి, చింతగింజల పిండియు రంపపు పొట్టును కలిపిన ముద్దతో అతికి, పిమ్మట రంగు వేయుదురు. ఆటలోని బస్సుకును ఆకారము వేఱు, పైనంటించిన రంగుల పటము వేఱు. ఆ పటమును మార్చినచో బోర్డు మాఱును. మాడ్ చేసినవారు తమ పత్రములో బోర్డును ఎవరికి వారు మార్చుకొనవచ్చునని యనుమతి వ్రాసిరి గనుక మేము సాహసించితిమి. ఫైలునకు ప్రతి తీసి, మూట విప్పి, బోర్డు పటమును గింప్ అను ఉచితమైన చిత్రలేఖన కార్యక్రమములో తెఱచి, కొలత మార్పక, మామగారు చెప్పిన వరుసలో ఊళ్ళ పేర్లను తెలుగున వ్రాసితిమి. వ్రాసినది మా యమ్మాయి, అక్షరములు దిద్దినది మేము, తనిఖీ చేసినది మామగారు. మూలపు మాడ్‌ను చెఱుపలేదు. మార్చిన పటమును మాత్రమే, మూలములో నున్న ఫోల్డరుల వరుసలోనే యుంచి, వేఱొక చిన్న మాడ్‌గా కట్టి, జాబితాలో మూలమునకు పైన నుంచితిమి. పైనున్నదాని మాట చెల్లును గదా! మూల మట్లే యుండ మార్పు మీద నిలిచినది. నచ్చనిచో తీసివేయవచ్చును.

ఇక అపాయముల మాట. మా యమ్మాయికి తాటిచెట్లు, మామిడితోటలు గల మన దేశపు త్రోవల పటము కావలసివచ్చెను. ఒకచోట అట్టి పటము దొరకెను గాని, "దీనిని వేయుటకు ముందు మీ కంప్యూటరు రక్షణను ఆపివేయుడు" అని యచట వ్రాసియున్నది. పిల్ల బ్రతిమాలెను. మేము వలదంటిమి. ఆ రాత్రి అన్నము తినక పడుకొనెను. తల్లి గుండె కలుక్కుమనదా? అయినను లొంగలేదు. ఇంటికి వచ్చినవాడు "ముందు మీ కుక్కను కట్టివేసి, తలుపు గడియ తీసి యుంచుడు" అనినచో వాడు చుట్టమా, దొంగయా? మా ఎఱుకలోని యొక యింట పిల్లవాడు ఇట్లే రక్షణ నాపి యొక ఫైలు తెఱవగా, తల్లి మెయిలు ఖాతా పరుల చేతబడి, అందు దాచుకొన్న పెండ్లి ఫోటోలు, ఉత్తరములు అన్నియు పోయినవి. మఱునాడు మేము పిల్లతో గూర్చుండి, ఆ పటమును మొదట చేసినవారి స్వంత పుట యేదో వెదకి పట్టితిమి. అక్కడ నట్టి షరతు లేదు. మొదటి చోటు ఎవరో పరుల సొత్తును తెచ్చి తమదిగా పెట్టుకొన్న యంగడి.

పేరున్న చోటనైనను కన్ను మూసికొని నమ్మరాదు. 2023 జూన్‌లో మైన్‌క్రాఫ్ట్ అను ఆటకు సంబంధించి, కర్స్‌ఫోర్జ్, బుక్కిట్ అను ప్రసిద్ధమైన స్థలములలోనే కొన్ని మాడ్‌లయందు "ఫ్రాక్చరైజర్" అను దొంగ కార్యక్రమము చొప్పింపబడినట్లు బయటపడినది. అది కంప్యూటరులో దాచిన ప్రవేశపు గుఱుతులను దొంగిలించుటయే గాక, అందున్న యితర ఫైళ్ళకును ప్రాకునట్టిది. మైన్‌క్రాఫ్ట్ మాడ్‌లు స్వయముగా నడచు కార్యక్రమములు గనుక అట్టి యపాయ మెక్కువ. కావున సోదరీమణులు ఈ నాలుగు మాటలు గుఱుతుంచుకొందురు గాక. లారీ ఆటకు మాడ్ అని చెప్పి ఇ.ఎక్స్.ఇ. అను తోకగల ఫైలును ఇచ్చినచో దానిని తెఱువరాదు. కంప్యూటరు తఱచుగా ఫైళ్ళ తోకలను దాచియుంచును. "వ్యూ" అను చోట ఆ తోకలు కనబడునట్లు పెట్టుకొనవలయును. వచ్చిన ప్రతి ఫైలును రక్షణ కార్యక్రమముచే పరీక్షింపజేయవలయును. రక్షణ నాపుమన్న మాడ్ ఎంత యందమైనదైనను విడువవలయును.

మఱియొక సంగతి. ఈ మాడ్‌లలో పెక్కింటిని చేయువారు సొమ్ము పుచ్చుకొనక, తీరిక వేళల, రాత్రులు మేలుకొని చేయుచున్నారు. వారు కోరునది పేరొక్కటియే. ఆ పేరు చెఱిపి తన పేరు పెట్టుకొనుట కృతిచౌర్యము. మా యమ్మాయి తన బోర్డును స్నేహితురాలికి పంపగోరగా, "బస్సు ఎవరు చేశారో వాళ్ళ పేరు ముందు రాసి, తరువాత నీది రాయి" అంటిమి. ఎఱ్ఱాప్రగ్గడ కథ యప్పుడు చెప్పితిమి. భారతము వినుమన్న పారిపోవు పిల్ల ఆ కథను శ్రద్ధగా వినెను. ఆటను సైతము ధరమిచ్చి కొనవలయునే గాని దొంగప్రతి తేరాదు. దొంగప్రతికి అంటు గట్టిన కొమ్మ తఱచుగా నెండిపోవును, ఇంట దొంగతనమును పెరుగును.

మా అత్తగారి యభిప్రాయము పూర్తిగా మాఱినదని చెప్పజాలము. ఆడపిల్లకు వంట రావలయునని ఇప్పటికిని చెప్పుచునే యున్నారు. రావలయుననియే మేమును చెప్పుచున్నాము. మగపిల్లలకును రావలయును. కాని సాయంకాలపు గంట యైనంతనే "మీ తాతయ్యను లోపలికి తీసుకురండి, మళ్ళీ బండికి ఆలస్యమవుతుంది" అని మొదట పిలుచువారు వారే. మామగారి కాలు బాగుపడలేదు. ఆట వలన వ్యాధి మానునని మేము వ్రాయుట లేదు. వారిప్పుడు మనుమరాలికి మలుపులో వేగమెంత యుండవలయునో, వాన పడినప్పుడు బ్రేకు నెట్లు తొక్కవలయునో చెప్పుచున్నారు. పిల్ల వేగము మించి జరిమానా పడినప్పుడు "నా సర్వీసులో ఒక్క కేసు లేదు. నా పరువు తీస్తున్నావు" అని కోపించుచున్నారు. కోపించుటకు వారికి మరల నొక పని దొరకినది.

పిల్లలాడు ఆటలయందు తల్లులు న్యాయాధిపతులుగా మాత్రమే యుండుట చాలదు. మన పెద్దలు అష్టాచెమ్మాకును, వామనగుంటలకును మనతో గూర్చుండెడివారు. గవ్వలు దొంగతనముగా వేసినచో పట్టుకొనెడివారు. అట్లు పట్టుకొనగలుగుటకు కారణము వారికి ఆట తెలిసియుండుటయే. కంప్యూటరు ముందు గూడ మన పీట మనము వేసికొనవలయును. ఇంగ్లీషు రాదని వెనుదీయ నక్కఱలేదు. ఓపికగా చదువుట, వరుస తప్పక చేయుట, పాతదానికి ప్రతి దాచి క్రొత్తది ముట్టుకొనుట, అపరిచితుని మాట నమ్మి తలుపు తీయకుండుట అనునవి గృహిణికి క్రొత్త విద్యలు కావు. ఆవకాయ జాడీ పెట్టునప్పుడు మన మివి యన్నియు చేయుచునే యున్నాము. బిడ్డలకు తొందర యెక్కువ, మనకు నిదాన మెక్కువ. ఈ రెండింటికి అంటు కుదిరినచో మంచి ఫలమే కాయగలదు.